చీకటియా, చుక్కలా?

అమెరికా రచయిత ఐజాక్ ఆసిమోవ్ 1941లో ప్రకటించిన ‘నైట్‌ఫాల్’ కథలో లగాష్ అను గ్రహమునకు ఆరుగురు సూర్యులు. ఒకరు క్రుంకినను వేరొకరు వెలుగుచుందురు గాన అచటివారు రాత్రి నెరుగరు. 2049 ఏండ్లకొకమారు మాత్రము, ఆకసమున ఒక్క సూర్యుడే మిగిలిన వేళ, ఎన్నడును కంటికి కానరాని ఉపగ్రహమొకటి వానిని కప్పివేయును. జనులు మతిచెడి, వెలుగు కొరకు దొరికినదెల్ల తగులబెట్టుదురు. నాగరికత భస్మమగును.

కేవలము చీకటికే జాతి యంతయు ఉన్మాదము చెందుననుట మాకు నమ్మశక్యము కాలేదు. కన్ను మూసినను, గుహ జొచ్చినను చీకటియే గదా! కాని కథలోని మర్మము వేరు. పండితులు గ్రహణమును ముందే గణించిరి, కాగడాలు సిద్ధపరచుకొనిరి. ప్రాచీన మతగ్రంథమొకటి చెప్పు చుక్కలు మాత్రము, ఉన్నచో, ఏ పదియో ఇరువదియో దూరపు సూర్యులు కాబోలునని యూహించిరి. తీరా ముప్పదివేలు కానవచ్చెను. తమ ఆరుగురు సూర్యులే విశ్వమనుకొన్నవారు అది చూచి తాళలేకపోయిరి. చీకటికి కాగడా కలదు. ఈ దిగ్భ్రమకు లేదు.

పాత్రలు పలుచనైనను, ఈ యొక్క ఊహచే కథ నిలిచినది. ఇంట బడిపిల్లలున్నవారు దీనిని చెప్పి వినిపింపదగును. రాత్రివేళ మిద్దెపై చుక్కలను చూపుచు చెప్పినచో మరింత మేలు.