చెట్ల దారి, రోడ్డు దారి: ఒక ప్రయోగం పనితనం

రోజంతా స్క్రీన్ చూసి బుర్ర మొద్దుబారితే "కాసేపు అలా చెట్ల కిందికి వెళ్లి రా" అంటారు పెద్దలు. మాట నిజమే. రుజువు చేయడమే కష్టం. మేలు చేసింది చెట్లా, నడకా, లేక పని ఆపడమా? ఈ చిక్కును విడదీసిన తీరు కోసమే 2008లో 'సైకలాజికల్ సైన్స్' పత్రికలో వచ్చిన ఒక ప్రయోగాన్ని శ్రద్ధగా చూడాలి. చేసినవారు మిషిగన్ విశ్వవిద్యాలయంలో మార్క్ బెర్మన్, జాన్ జొనైడ్స్, స్టీఫెన్ కాప్లాన్.

కాప్లాన్ వాదన ఇది: అడ్డొచ్చేవాటిని నెట్టేస్తూ ఒక్క పని మీదే దృష్టి నిలపడం మనసును అలసటకు గురిచేస్తుంది. హారన్లు, ఫోన్ మోతలు దృష్టిని లాక్కుంటాయి. కదిలే ఆకులు మాత్రం చూపును ఆకట్టుకుంటూనే మనసుకు విశ్రాంతినిస్తాయి.

దీన్ని పరీక్షించడానికి 38 మంది విద్యార్థులను తీసుకున్నారు. ముందు అంకెల పరీక్ష. 3, 9, 6 అని వినిపిస్తే 6, 9, 3 అని తిప్పి చెప్పాలి. వరుస తొమ్మిది అంకెల దాకా పెరుగుతుంది. వినడానికి తేలిక, చెప్పబోతే తెలుస్తుంది. ఆ తర్వాత 35 నిమిషాల జ్ఞాపకశక్తి పరీక్షతో కావాలనే వాళ్లను అలసిపోయేలా చేశారు. అప్పుడు నడకకు పంపారు: కొందరిని ఆన్ ఆర్బర్ ఊరి వృక్షవనంలోకి, కొందరిని వాహనాల రద్దీ ఉన్న హ్యూరన్ వీధిలోకి. తిరిగొచ్చాక మళ్లీ అంకెలు.

పనితనం ఇక్కడే ఉంది. రెండు దారులూ ఒకే పొడవు, సుమారు నాలుగున్నర కిలోమీటర్లు. కాబట్టి మేలు నడకదే అనడానికి వీల్లేదు. దారి తప్పకుండా చేతికి జీపీఎస్ గడియారం కట్టారు. వారం తర్వాత అదే మనిషిని రెండో దారిలో పంపారు. దాంతో చురుకైనవాళ్లే చెట్ల వైపు పడ్డారేమోనన్న అనుమానమూ పోయింది. చెట్ల దారి తర్వాత మార్కులు స్పష్టంగా పెరిగాయి. వీధి నడక తర్వాత చెప్పుకోదగ్గ మార్పు లేదు.

మరో సందేహం మిగిలింది: హాయిగా అనిపించినందుకే మార్కులు పెరిగాయా? అందుకే వేర్వేరు రుతువుల్లో నడిపించారు, మానసిక స్థితినీ కొలిచారు. గడ్డకట్టే జనవరిలో నడక అంత సరదాగా అనిపించలేదు. అయినా వేసవిలో నడిచినవాళ్లకు కలిగిన మేలే వాళ్లకూ కలిగింది. సరదాకీ ఈ మేలుకీ ముడి లేదని తేలింది.

లోటు లేదని కాదు. మనుషులు తక్కువ, ఊరు ఒకటే. వాళ్లను అలసిపోయేలా చేసింది ఫోన్ కాదు, ప్రయోగశాల పరీక్ష. అయినా ఒక్కో ఆక్షేపణకూ ముందే జవాబు సిద్ధం చేసుకున్న ఈ నేర్పు అరుదు. సాయంత్రం పార్కులో నడిచేవాళ్లకు దీన్నిబట్టి ఒకటే మనవి: ఫోన్ జేబులోనే ఉంచండి. చూపు దాని మీదే ఉంటే, పక్కన చెట్లున్నా వీధిలో నడిచినట్టే.