ఇల్లాలి మాటకు పీట

మా నగరి చుట్టుపక్కల ధర్మరాజుల గుళ్లలో భారతం జరిగితే పగలు హరికథ, రాత్రి నాటకం. నాటకానికి ఊరంతా కదిలి వస్తుంది. పగటి కథకు ముందు వరుసల్లో కూర్చునేది మాత్రం ఆడవాళ్లూ ముసలివాళ్లే. పాండవుల కష్టాల నడుమ భాగవతారు అత్తాకోడళ్ల పిట్టకథ ఒకటి ఎత్తుకుంటే పందిరంతా పకపకా నవ్వుతుంది. పగటిపూట ఆడవాళ్ల నవ్వు మనకు తరతరాల సొత్తు. టెలివిజన్‌లో ఆ నవ్వు ఏమైందో ఈ పుస్తకం శ్రద్ధగా వెతికింది.

రచయిత్రి మా ఊరి పిల్ల. ఈటీవీ ‘స్టార్ మహిళ’ మీద రాసిన వ్యాసాలే ఈ పుస్తకానికి ఆయువుపట్టు. 2008లో మొదలైన ఆ మధ్యాహ్న కార్యక్రమం పదేళ్లకు పైగా నడిచి, మూడు వేల భాగాలు దాటింది. సీరియళ్ల కన్నీళ్లు పారే వేళల్లో అది మామూలు గృహిణులను పిలిచి, ఆటలాడించి, మాట్లాడించింది. కేరళలో పుట్టిన వ్యాఖ్యాత సుమ కనకాల మన ఇళ్లలో మాటకు మాట ఎలా పడుతుందో పసిగట్టి, వచ్చినవాళ్ల బెరుకు పోగొట్టేవారు. మొగుడి అలక, అత్తగారి పట్టుదల, మాడిపోయిన కూర, అన్నీ అక్కడ ముచ్చట్లయ్యాయి.

మా నగరి నుంచి 2014, 2019లలో శాసనసభకు గెలిచిన రోజా ‘జబర్దస్త్’ న్యాయనిర్ణేతగా ఇంటింటికీ తెలుసు. 2013లో మొదలైన ఆ రాత్రి హాస్య కార్యక్రమాన్ని రచయిత్రి ‘స్టార్ మహిళ’ పక్కన పెట్టి చూసిన తీరు నాకెంతో నచ్చింది. అక్కడి స్కిట్లలో భార్య వేషం తరచు చీర కట్టిన మగవాడిది. మధ్యాహ్నం మాత్రం భార్యే నోరు విప్పి తన కథ తాను చెప్పుకుంది. నవ్వించే హక్కు ఎవరి చేతిలో ఉందన్నదే అసలు ప్రశ్న అని రచయిత్రి తేల్చి చెప్పింది. ఈ ఒక్క పరిశీలన చాలు, పుస్తకం నిలవడానికి.

తరువాతి కూర్పులో మా వైపు మాటను కూడా చేర్చమని కోరుతున్నాను. తమిళం కలగలిసిన సరిహద్దు తెలుగులో, మరమగ్గాల ఇళ్లలో ఆడవాళ్లు విసిరే చమత్కారాలు ఇంకా ఏ తెరకూ ఎక్కలేదు. వాటిని సేకరించే ఓపిక, వినే చెవి ఈమెకు ఉన్నాయి.

పాత్రికేయం చదివే పిల్లలు ఈ పుస్తకం చదవాలి. వాళ్లకంటే ముందు, మధ్యాహ్నం పని ముగించుకుని కూర్చునే తల్లులు చదవాలి. అమ్మాయికి నా ఆశీస్సులు.