దేవుస్కరుగారి “దేశేర్ కథా”

సఖారామ గణేశ దేవుస్కరుగారు (1869–1912) మహారాష్ట్ర కుటుంబమున జనించినవారు. వ్రాసినది మాత్రము వంగభాషలో. “హితవాది” పత్రికలో వార్తలు దిద్దిన చేయియే 1904లో “దేశేర్ కథా” యను గ్రంథమును రచించెను.

దాదాభాయి నౌరోజీ, డిగ్బీ, రమేశచంద్ర దత్తుగారలు ఆంగ్లమున జెప్పిన సంగతులే యిందు బెక్కు గలవు. సొంత పరిశోధన స్వల్పమని పండితు లాక్షేపింతురేని కాదనజాలము. కాని ఆంగ్ల మెఱుగని గృహిణికి దత్తుగారి సంపుటము లున్నను లేకున్నను నొక్కటే కదా! నేతగాని మగ్గ మేల మూగవోయెనో, రైతు చెల్లించిన పన్ను సముద్రము దాటి యెచటికి బోవుచుండెనో, దొరతనమువారి లెక్కలతోనే యామె మాతృభాషలో నామెకు దెలిపినవారు దేవుస్కరుగారు. ఈ పనిని మేము చిన్నదిగా నెంచము.

లోపము వేఱొకచోట నున్నది. అంకెల రాశి క్రింద మనుష్యులు మఱుగుపడు పుటలు గలవు. పరపాలనము చేసిన కీడునే ప్రధానముగా జూపుటచే మన యింటి దురాచారముల పాలు నీడలో నిలిచిపోయినది. సంస్కారము గోరు పాఠకులకిది వెలితిగనే తోచును.

1910లో ప్రభుత్వమువారు గ్రంథమును నిషేధించిరి. రెండేండ్లకు గ్రంథకర్త గతించిరి. ఆయన మేనల్లుడు బాబూరావు విష్ణు పరాడ్కరుగారు దానిని హిందీలోనికి దెచ్చిరి, వారును పత్రికాకర్తలే.