తృప్తియు న్యాయమును: ఉద్యోగినులనుగూర్చిన యొక గ్రంథముయొక్క విమర్శనము

అసంతృప్తికి మూలము లేమి యని లోకమున వాడుక. కాని లేమి యెంతయో యసంతృప్తియు నంతయే యనుట సత్యము కాదు. ఈ సంగతిని శాస్త్రీయముగా నిరూపించినది 1949లో వెలువడిన 'అమెరికను సైనికుఁడు' అను గ్రంథము. శామ్యూల్ స్టౌఫరును ఆతని సహచరులును రెండవ ప్రపంచయుద్ధకాలపు సైనికుల యభిప్రాయములను సేకరించి చూడఁగా వింతయైన విషయ మొకటి కానవచ్చినది. సైనికపోలీసుదళమున నుద్యోగోన్నతి మిక్కిలి యరుదు. విమానదళమున నది సులభము. అయినను ఉన్నతినిగూర్చి యెక్కువగా సణిగినవారు విమానదళమువారే. ప్రక్కవాఁడు పైకిఁ బోవుటను దినదినమును జూచువానికిఁ దానున్నచోట నుండుట దుస్సహము. ఎవఁడును బైకిఁ బోనిచోటఁ గొఱఁత యెవనికిని దోఁపదు. దీనికే సాపేక్షమైన లేమి యని పేరు. పొరుగింటి పుల్లకూర రుచి యను తెలుఁగు సామెత యీ తత్త్వమును బరిహాసముగాఁ జెప్పుచున్నది.

పిమ్మట 1954లో లియోన్ ఫెస్టింజరు, మనుష్యుఁడు తన్నుఁ గొలుచుకొనునది తనవంటివారితోనే కాని తనకు మిక్కిలి దూరస్థులతోఁ గాదని సిద్ధాంతీకరించెను. 1966లో రన్సిమను సాపేక్షమైన లేమిని రెండుగా విభజించెను: తాను వెనుకఁబడితి నను బాధ యొకటి, తనవర్గము వెనుకఁబడిన దను బాధ వేఱొకటి. ఈ విభాగము ప్రస్తుతగ్రంథమునకుఁ బునాదివంటిది.

1982లో ఆక్స్ఫర్డు విశ్వవిద్యాలయ ముద్రణాలయమువారు ప్రకటించిన 'సాపేక్షమైన లేమియు శ్రామికస్త్రీలును' అను గ్రంథమునకుఁ గర్త్రి ఫే క్రాస్బీ యను మనస్తత్త్వశాస్త్రజ్ఞురాలు. బోస్టను నగరసమీపమందలి న్యూటను పట్టణమున నుద్యోగులగు పురుషులను, ఉద్యోగినులను, గృహిణులను బ్రశ్నించి యామె యీ గ్రంథమును రచించినది. సమానమగు హోదాగల యుద్యోగములలో నున్నను స్త్రీలు పురుషులకంటెఁ దక్కువ వేతనము పొందుచున్నట్లు లెక్కలు తెలిపినవి. స్త్రీజాతికి ఉద్యోగములయం దన్యాయము జరుగుచున్నదా యని యడుగఁగా నా స్త్రీలే జరుగుచున్నదని రోషముతోఁ బలికిరి. కాని నీకు జరిగినదా యన్నచోఁ దమ యుద్యోగమునందు, తమ వేతనమునందుఁ బురుషులంత తృప్తినే వెల్లడించిరి. అందఱకును జరుగుచున్నదఁట, తనకు మాత్రము జరుగలేదఁట. ఈ విరోధమును గనిపెట్టి పాఠకుని యెదుట నిలుపుటయే యీ గ్రంథమునకుఁ బ్రధానగుణము.

సాపేక్షమైన లేమి యసూయకు నామాంతరమే యని కొందఱు శంకింపవచ్చును. అది సరికాదు. అమరసింహుఁడు పరుల మేలు నోర్వకుండుటను ఈర్ష్య యనియు, పరుల గుణములయందు సయితము దోషము నారోపించుటను అసూయ యనియు వేఱుపఱిచెను. ఈ రెండింటికిని జూపు పరునిమీఁద. సాపేక్షమైన లేమికిఁ జూపు తన యర్హతమీఁద. పరుఁడు పొందినది పోవలెనని యది కోరదు. తనకును రావలసినది రాలేదని మాత్రమే పలుకును. కావున నది న్యాయబుద్ధికి సంబంధించినది. స్త్రీ తన వేతనమును బురుషుని వేతనముతోఁ బోల్చి యడిగినపుడు దాని నోర్వలేనితన మని కొట్టివేయువారు ఈ భేదమును గమనింపవలెను.

1976లో క్రాస్బీయే ప్రకటించిన వ్యాసమున నీ బాధకు నైదు నియమములు చెప్పఁబడినవి: వస్తువు పరునియొద్ద నుండుటఁ జూచుట, దానిని గోరుట, దానికిఁ దా నర్హుఁడ నని తలఁచుట, అది పొందఁదగినదే యని నమ్ముట, పొందకుండుట తన తప్పు కాదని యెంచుట. న్యూటను పరిశీలనము పిమ్మట వీనిలోఁ గోరికయు, అర్హతాబుద్ధియు ననెడి రెండే ప్రధానములుగా నిలిచినవి. ఇట్లు కుదించుట లాఘవమే. కాని యొక సందేహము మిగులుచున్నది. అర్హతాబుద్ధి యెక్కడనుండి పుట్టును? దానికిఁ గొలమానము పోలికయే కదా! 1984లో బ్రెండా మేజరు మొదలగువారు చేసిన ప్రయోగ మీ సందేహమును బలపఱుచుచున్నది. చేసిన పనికిఁ దామే కూలి నిర్ణయించుకొనుఁడని చెప్పఁగా, ఇతరులు తీసికొన్న మొత్తము తెలియనిచో స్త్రీలు పురుషులకంటెఁ దక్కువ తీసికొనిరి. అది తెలిసినచో నీ భేదము మాయమయ్యెను. కనుక పోలికను అర్హతకు వెలుపల నిలుపరాదు; అది యర్హత లోపలనే యున్నది. గ్రంథమునం దీ యంశమునకుఁ జాలినంత యెడము లభింపలేదని చెప్పక తప్పదు.

తనకు జరిగిన యన్యాయమును దా నేల గుర్తింపదు? 1984 నాఁటి మఱియొక వ్యాసమున క్రాస్బీ దీనికి రెండు హేతువులు చూపినది. అన్యాయము జరిగిన దనినచోఁ జేసినవాఁ డెవఁడో చెప్పవలసివచ్చును. ప్రతిదినమును ముఖము చూడవలసినవానిపై నేర మారోపించుట కష్టము. రెండవది, ఒక్క వ్యక్తి విషయమున భేదమునకు వేఱుకారణ మేదో యొకటి యెప్పుడును దొరకును: ఈమెకుఁ జదువు తక్కువ, ఆతనికి ననుభవ మెక్కువ. 1986లో నామెయు సహచరులును జరిపిన ప్రయోగము రెండవ హేతువును దృఢపఱిచినది. ఒకే సంస్థ లెక్కలను విభాగము వెంబడి విభాగముగాఁ జూపినపుడు చదువరులకు వివక్ష యంతగాఁ గానరాలేదు; అన్నింటిని నొక్కచోటఁ జేర్చి చూపినపుడు స్పష్టముగాఁ గనఁబడినది. చెట్లు వేఱువేఱుగాఁ జూచువానికి అడవి తెలియదు. తనబ్రతుకును మాత్రమే చూచుకొను నుద్యోగిని యొకే చెట్టును జూచుచున్నది.

గ్రంథమునందలి మఱియొక కొఱఁత దేశపరిమితి. న్యూటను పట్టణవాసులు సంపన్నసంఘములోనివారు. అట్టిచోట నొకరి జీతము వేఱొకరికిఁ దెలియకుండుట మర్యాద. కావునఁ బోలికకు నడ్డుగా నిలుచునది రహస్య మని పాఠకుఁడు తలఁపవచ్చును. తెలుఁగుదేశపుఁ బొలములు చూచినచో నీ యూహ నిలువదు. ఇచ్చట ఆఁడుకూలి, మగకూలి యను రెండు ధరలు బహిరంగముగాఁ బలుకఁబడినవి. ఊరిలో నెఱుఁగనివారు లేరు. అయినను జిరకాలము వానిని బోల్చి యడిగినవా రరుదు. ఏలయన దుక్కి మగవానిది, నాటును గలుపును ఆఁడువారివి. పనులకు వేఱుపేళ్లున్నవి గనుక వెలలకును వేఱు న్యాయమని యందఱు నంగీకరించిరి. దినమెల్ల నడుము వంచి బురదలో నాటుట నాఁగలి పట్టుటకంటె నేవిధమునఁ దక్కువ యని యడుగవలె నన్న, మొదట నా రెంటిని నొక త్రాసున నుంచవలెను. ఆ త్రాసే లేదు. కాఁబట్టి పోలికను మఱుఁగుపఱుచునది రహస్య మొక్కటియే కాదు, పనుల విభజనమును నని గ్రహింపవలెను. ఫెస్టింజరు చెప్పిన 'తనవంటివారు' ఎవరో నిర్ణయించునది వ్యక్తి మాత్రమే కాదు. ఆచారము ముందుగానే నిర్ణయించి పెట్టియుండును.

భారతదేశపు న్యాయచరిత్రమున దీనికి మంచి యుదాహరణము కలదు. సమానవేతన చట్టము 1976లో జేయఁబడెను. ఒక నౌకావ్యాపార సంస్థలో స్టెనోగ్రాఫరుగా నుండిన యొక స్త్రీ, పురుష స్టెనోగ్రాఫర్లకంటెఁ దనకుఁ దక్కువ యిచ్చిరని యా చట్టమును బట్టి వ్యవహరించెను. స్త్రీలు పై యధికారులకు ఆంతరంగిక స్టెనోగ్రాఫర్లు, వారిది వేఱువర్గము, వారిపని వేఱు అని సంస్థవారు వాదించిరి. 1987లో సుప్రీముకోర్టు వారు పని యొక్కటే యని తేల్చి, పేరు వేఱయినంతమాత్రమున వేతనము వేఱు కారాదనియు, సంస్థకు శక్తి లేదనుట చట్టమును దప్పించుకొనుటకుఁ గారణము గాదనియుఁ దీర్పు చెప్పిరి. న్యాయస్థానము చేసిన పని యేమి? ఆచారము రెండుగాఁ జీల్చినదానిని నొక్క త్రాసున నుంచుటయే. 2005 నాఁటి గ్రామీణోపాధి చట్టము స్త్రీపురుషభేదము లేని కూలిని విధించుటయు నిట్టిదే: ఒకే మట్టిపని, ఒకే కొలత, ఒకే వెల. అచ్చట పోలికకు నడ్డుగోడ లేదు.

ఇంతమాత్రమునఁ బోలిక యెల్ల మేలని సిద్ధాంతీకరింపరాదు. ప్రక్కవానితోఁ బోల్చుకొని యూరక క్రుంగువాఁడును గలఁడు. క్రాస్బీ గ్రంథము బోధించునది వేఱు: తృప్తి న్యాయమునకు సాక్షి కాదు. పనివారు సణుగుట లేదు గనుక వారి కంతయు సరిగా నున్నదని వాదించు యజమానికి నీ గ్రంథము గట్టి ప్రత్యుత్తరము. ఆమె మౌనము తృప్తివలనఁ గలిగినదో, కొలమానము దొరకకపోవుటవలనఁ గలిగినదో ముందుగా విచారింపవలెను. లోపము లున్నను నీ ప్రశ్నను మొదట నింత స్పష్టముగా నడిగిన గ్రంథము గనుక నిది పండితులకే గాక, కూలి నిర్ణయించు ప్రతివానికిని బఠనీయము.