ఒంగున్నోళ్ల మాటలేవి? – పాత సేద్యపు పదాలను మళ్లీ చదువుతూ

ఉగాదికీ, ఏరువాక పున్నమికీ మన పత్రికల్లో ఒక రకం వ్యాసం తప్పకుండా కనిపిస్తుంది. కాడి, మేడి, నొగ, కర్రు, పలుపు, ములుగర్ర అంటూ మరుగున పడిపోతున్న వ్యవసాయ పదాల జాబితా ఇచ్చి, ట్రాక్టరు వచ్చింది, మాట పోయింది అని బాధపడుతుంది. నేనూ అలాంటి వ్యాసం ఒకటి రాశాను. ఒక సదస్సు కోసం వందకు పైగా పదాలు పోగుచేసి, అర్థాలూ వ్యుత్పత్తులూ రాసుకుని, పంపే ముందు మా అమ్మమ్మకు చదివి వినిపించాను. ఆవిడ పెళ్లయి వచ్చిన నాటి నుంచీ కృష్ణా కాలువ కింద నాలుగెకరాల వరిపొలంతోనే బతికిన మనిషి. ఓపిగ్గా అంతా విని, "బాగానే పోగేశావు గానీ, అన్నీ అరక ఎనకాల నడిచేవాళ్ల మాటలేనే. ఒంగున్నోళ్ల మాటలేయి?" అంది.

జాబితా మళ్లీ చూసుకున్నాను. నాగలి భాగాలకు ఉన్నన్ని మాటలు నాట్లకూ, కలుపుకూ, కోతకూ, చెరగడానికీ కలిపి చూసినా లేవు. అప్పటికే నా చేతిలో సాహిత్యంలో డాక్టరేటు ఉంది. స్త్రీల అదృశ్య శ్రమ గురించి ఉపన్యాసాలూ ఇచ్చి ఉన్నాను. అయినా పదాలు ఏరేటప్పుడు నా చెయ్యి దానంతటదే మగవాళ్ల పనిముట్ల మీదికి వెళ్లింది. ఎందుకు వెళ్లిందో తెలుసుకోవడానికే ఇది రాస్తున్నాను.

వ్యవసాయ పదాల గురించి మాట్లాడాలంటే భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వంలో ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ 1962లో వెలువరించిన మాండలిక వృత్తిపదకోశం దగ్గర మొదలుపెట్టాలి. ఆ ప్రణాళికలో మొదటి సంపుటం వ్యవసాయానిది. చేనేత సంపుటం 1971లో వచ్చింది. కావ్యంలో కవి వాడితేనే మాటకు నిఘంటువులో చోటు అనే పద్ధతిని పక్కనబెట్టి, పల్లెలకు వెళ్లి పనిచేసేవాళ్లను అడిగి రాసుకున్న కోశమది. తెలుగు మాండలికాలను నాలుగు మండలాలుగా గుర్తించడానికి ఆధారమైందీ అదే. ఆ కృషి ముందు తలవంచుతూనే, 'వృత్తి' అన్న మాట దగ్గర మనం ఆగాలి. దున్నడం వృత్తి అని అందరం ఒప్పుకుంటాం. వచ్చే ఏటికి విత్తనం ఎండబెట్టి, బూడిద కలిపి, పురుగు పట్టకుండా కుండలో దాచడం వృత్తా, ఇంటిపనా? నా జాబితాలో అది ఇంటిపని కిందికి పోయింది. అందుకే దానికి సంబంధించిన ఒక్క మాట కూడా నేను రాసుకోలేదు.

జడ్డిగం సంగతి చూడండి. రాయలసీమలోనూ తెలంగాణలోనూ మెట్టపొలాల్లో గొర్రుతో విత్తేటప్పుడు గింజలు పోసే చిన్న కొయ్యగిన్నె అది. దాని రంధ్రాల్లోంచి గింజ గొట్టాల గుండా చాలులోకి జారుతుంది. 'గొర్రుకు అమర్చే విత్తనపు గిన్నె' అని నేను అర్థం రాశాను. తప్పేమీ లేదు. కానీ గిన్నె దానంతటది విత్తదు. ఎడ్లను తోలేది మగవాడైతే, పక్కన నడుస్తూ పిడికిలి సందులోంచి గింజ వదిలే చెయ్యి చాలాచోట్ల ఆడమనిషిది. ఎడ్లు వడిగా నడిస్తే వడిగా, ఆగితే ఆపి, ఒక గొట్టానికి ఎక్కువా ఇంకోదానికి తక్కువా కాకుండా వదలాలి. పంట ఒత్తుగా వస్తుందా పలచబడుతుందా అన్నది ఆ చేతిని బట్టే ఉంటుంది. అర్థం రాసినప్పుడు గిన్నెకు చోటు దొరికింది, చేతికి దొరకలేదు.

నాగలి విషయం ఇందుకు పూర్తిగా వేరు. దాని పుట్టుక గురించి భాషావేత్తలు ఎంతో రాశారు. ఋగ్వేదంలో కనిపించే లాంగల శబ్దం ఆర్యభాషల సొంత మాట కాదనీ, ఈ దేశపు పాత భాషల్లోంచి అక్కడికి వెళ్లిందనీ చాలామంది అభిప్రాయం. తమిళంలో ఞాంజిల్, తెలుగులో నాగలి, నాగేలు. నాగలి గీసిన చాలుకు సంస్కృతంలో పేరు సీత. ఋగ్వేదం నాలుగో మండలంలోనే సీత దేవత. తర్వాత జనకుడు దున్నుతుంటే దొరికిన కూతురయింది. దున్నేవాడు పురుషుడు, దున్నబడేది స్త్రీ అన్న ఊహ అంత పాతది. మనుస్మృతి దాన్ని సూత్రం చేసింది: స్త్రీ క్షేత్రం, పురుషుడు బీజం. పంట విత్తనం వేసినవాడిదా పొలం గలవాడిదా అన్న చర్చలో పొలానికి మాత్రం నోరులేదు. ఈ బీజ క్షేత్ర భావన స్త్రీలకు ఆస్తినీ పిల్లల మీద హక్కునూ ఎలా దూరం చేసిందో లీలా దూబే 1986లోనే వివరంగా రాశారు. ఆడవాళ్లు నాగలి ముట్టుకోకూడదన్న నిషేధం కూడా దేశంలో చాలాచోట్ల ఉంది.

తెలుగు సేద్యపు మాటల్లో స్త్రీ శరీరం నిండా ఉంది. వరి పొట్టకొస్తుంది. వెన్ను ఈనుతుంది. గింజ పాలు పోసుకుంటుంది. ఇంకోవైపు ఈనని పశువును గొడ్డు అన్న నోటితోనే పిల్లలు లేని ఆడదాన్ని గొడ్రాలు అన్నారు. ఈ మాటలన్నీ పితృస్వామ్యం ఇచ్చినవేనని ఒక్క వాక్యంలో తేల్చేయడం తేలికే గానీ నాకు అంత నమ్మకంగా లేదు. పొట్టమీదున్న వరిలోకి దిగేటప్పుడు ఆడవాళ్లు చూపే జాగ్రత్తలో, నీళ్లు తగ్గకూడదని పడే ఆరాటంలో తెలిసినవాళ్ల పలకరింపు ఉంది. ఆ మాటలను మొదట అన్నది వాళ్లే అయినా ఆశ్చర్యం లేదు. నా ఫిర్యాదు వేరు. పైరు కడుపుకు మాట ఉంది. ఆ పైరు నాటడానికి రోజంతా బురదలో వంగి, సాయంత్రానికి నడుం ఎత్తలేని మనిషి బాధకు నా జాబితాలో మాట లేదు.

అమ్మమ్మ చెప్పిన మాటల్లో మొదటిది ఊడ్పులు. కోస్తాలో వరినాట్లకు పేరది. ఊడ్చడమంటే నాటడం, ఊడ్చడమంటే చిమ్మడం కూడా. రూపం ఒకటే. నిఘంటువు ఈ రెండు అర్థాలనూ పక్కపక్కన ఇస్తుంది. తెల్లారకముందే వాకిలి ఊడ్చి, తెల్లారాక మడి ఊడ్చే మనిషికి రెండూ ఒకే నడుము చేసే పనులు. ఒకదానికి కూలి ఉంటుంది, మగవాళ్ల కూలి కన్నా తక్కువైనా. రెండోదానికి అదీ లేదు.

రెండోది కలుపు. ఏకం చేయడమనే అర్థమున్న 'కలుపు'తో దీనికి సంబంధం లేదు. తమిళంలో కలుపు మొక్కను కళై అంటారు, ఆ కుటుంబపు మాట ఇది. పైరుకు అడ్డమైన పిచ్చి మొక్క అని మనం అర్థం రాస్తాం. కలుపు తీసే మనిషికి అది అంత ఏకముద్ద కాదు. పారేయాల్సినది వేరు, గొడ్డుకు వేయాల్సినది వేరు, కొంగున కట్టుకుని కూరకు తీసుకెళ్లాల్సినది వేరు. పొన్నగంటి, గునుగు చేలో కలుపే, కుండలో కూరే. ఆ గునుగే పూశాక బతుకమ్మలో దేవత. జహీరాబాద్ ప్రాంతంలో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత మహిళలు విత్తకుండా మొలిచే ఇలాంటి ఆకుకూరలను పేరుపేరునా లెక్కగట్టారు. నీళ్లూ మందులూ అడగకుండా పండే పంటలకు 'సత్యం పంటలు' అని పేరుపెట్టారు. మాటలు ఆడవాళ్ల చేతుల్లో చచ్చిపోవడమే కాదు, పుడతాయి కూడా. కలుపుమందు వచ్చాక మూడు రకాలూ ఒకటైపోయాయి. అన్నీ చచ్చేవే. దాంతోపాటు కలుపుకూలీ పోయింది, కూరా పోయింది. పత్రికల జాబితాల్లో ఈ నష్టం ఎక్కడా కనిపించదు.

మూడోది మన విమర్శకులు రోజూ వాడే మాట: తూర్పారబట్టడం. తూర్పు వైపు తిరిగి చేస్తారు కాబట్టి ఆ పేరని చాలామంది అనుకుంటారు. తమిళంలో తూఱ్ఱు అంటే గాలికి ఎగరబోయడమే. ఆ చుట్టరికం చూస్తే దిక్కు కన్నా గాలికే దీనితో సంబంధం ఎక్కువ అనిపిస్తుంది. ఇవాళ పత్రికల్లో 'ప్రభుత్వాన్ని తూర్పారబట్టారు' అంటే తిట్టిపోశారనే అర్థం. కళ్లంలో దానికి ఆ కోపం లేదు. అక్కడ చేసేది గింజనూ తాలునూ వేరుచేయడం. గాలికి పోగా మిగిలిన పని చేటతో ఆడవాళ్లది. అందులో మిగిలిన పొల్లు మాట అక్షరాల్లోకీ వచ్చింది. అచ్చు లేని హల్లు పొల్లు. ఉన్నదున్నట్టు చెప్పడం 'పొల్లు పోకుండా' చెప్పడం. మన వ్యాకరణమూ విమర్శా కళ్లం నుంచి ఇన్ని మాటలు తెచ్చుకుని, చేట పట్టిన మనిషిని మాత్రం అక్కడే వదిలేసి వచ్చాయి.

ఇక 'రైతు'. అరబ్బీ మూలం నుంచి ఫార్సీ, ఉర్దూల ద్వారా మనకు వచ్చిన ఈ మాటకు మొదటి అర్థం మంద. తర్వాత పాలకుడి కింది ప్రజ. పత్తొమ్మిదో శతాబ్దంలో థామస్ మన్రో పేరుతో ముడిపడిన రైత్వారీ పద్ధతి స్థిరపడ్డాక, రైతంటే పట్టాలో పేరుండి సర్కారుకు శిస్తు కట్టేవాడు. పట్టాలో పేరు మగవాడిది. కాబట్టి రైతూ మగవాడే. ఆమె అతని భార్య, లేదా కూలి. 2011 జనాభా లెక్కల్లో దేశం మొత్తం మీద సాగుదారులుగా నమోదైన స్త్రీలు సుమారు 3.6 కోట్లు, వ్యవసాయ కూలీలుగా నమోదైనవాళ్లు 6 కోట్లకు పైనే. 2007 జాతీయ రైతు విధానం కూలీలనూ కౌలుదారులనూ కలుపుకుని రైతుకు విశాలమైన నిర్వచనం ఇచ్చింది. భూమి పట్టాతో నిమిత్తం లేకుండా మహిళను రైతుగా గుర్తించాలని ఎం.ఎస్. స్వామినాథన్ 2012లో రాజ్యసభలో పెట్టిన ప్రైవేటు బిల్లు 2013లో మురిగిపోయింది. నిర్వచనం నిఘంటువు పని అనుకుంటాం గానీ, అప్పూ, పంటబీమా, ఆత్మహత్య తర్వాత వచ్చే నష్టపరిహారం అన్నీ ఆ ఒక్క మాట అర్థం మీదే నడుస్తాయి. 'మహిళా రైతు' అని విశేషణం తగిలించుకోక తప్పని స్థితి 'రచయిత్రుల'మైన మనకు కొత్తగా చెప్పాల్సింది కాదు.

సాహిత్యం దీన్ని సరిచేసిందా? వాసిరెడ్డి సీతాదేవి 'మట్టిమనిషి' గొప్ప నవల. మనిషి అన్న మాటకు తెలుగులో లింగభేదం లేదు. అయినా మట్టిమనిషి అనగానే మన కళ్లముందుకు వచ్చేది సాంబయ్యే. మట్టిని పట్టుకుని ఉండటం అతని వంతు, పట్నానికి లాగడం కోడలు వరూధిని వంతు అయ్యాయి. రాసింది స్త్రీ అయినంత మాత్రాన భాష తన పాత అలవాటు మానుకోదు. నా జాబితాలో జరిగిందీ అదే.

ఇక్కడితో ఆపేస్తే నా వ్యాసం అమ్మమ్మ పక్షాన బాగానే ముగిసేది. కానీ అమ్మమ్మ చెప్పిన మాటల్లో కూడా ఒకటి లేదు. అది పరిగె. కోత అయ్యాక చేలో రాలిన వెన్నులను ఏరుకోవడం. ఆ మాట నాకు చెప్పింది మా పొలంలో ముప్పై ఏళ్లు ఊడ్పులూ కోతలూ చేసిన ఒక దళిత స్త్రీ. నన్ను 'అమ్మాయిగారూ' అంది. నేను 'మీరు' అంటుంటే ఇబ్బందిపడింది. "కోసిందీ మేవే, రాలిందీ మా చేతుల్లోంచే. ఏరుకుంటే మటుకు దొంగతనం అన్నారు" అంది నవ్వుతూనే. అన్నవాళ్లెవరో నేను అడగలేదు. ఇంటికొచ్చి అమ్మమ్మను అడిగితే కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "మీ తాతయ్య గట్టుమీద కర్ర పట్టుకు నిలబడేవాడు. నేనూ కేకలేశాను. అదీ రాయి" అంది.

సంస్కృతంలో ఈ పనికే ఉంఛవృత్తి అని పేరు. రాలిన గింజలు ఏరుకుని బతికే బ్రాహ్మణుడి దానం ముందు ధర్మరాజు అశ్వమేధం కూడా తక్కువేనని ముంగిస చెప్పిన కథ మహాభారతంలో ఉంది. త్యాగరాజు ఉంఛవృత్తితో బతికారని గౌరవంగా చెప్పుకుంటాం. అదే పని దళిత స్త్రీ చేస్తే దొంగతనం. వంగడం ఇద్దరిదీ ఒకటే అయినా, ఒకరిది తపస్సని పేరు తెచ్చుకుంది, ఇంకొకరిది నేరమైంది. ఏ మాటకు గౌరవం దక్కుతుందో తేల్చేది కులమూ లింగమూ.

ఇప్పుడు కోతమిషను వస్తోంది. ఊడ్పులూ, పనలూ, కుప్పలూ, కళ్లమూ తగ్గిపోయాయి. పరిగె దాదాపు లేదు. అది పోయిందని నేను ఏడవాలా? ఆకలి వల్ల, తరిమే కర్ర కింద బతికిన మాట అది. వెట్టి పోయినందుకు ఎవరూ విలపించరు. అయితే మిషను పరిగెతో పాటు ఆ చేతుల కోతకూలిని కూడా తీసుకుపోయింది. ఆ పని మళ్లీ రావాలని నేను కోరుకోవడం లేదు. మాట మాత్రం పోకూడదు. అది పోతే కర్ర పట్టుకున్నవాళ్లమూ, కేకలేసినవాళ్లమూ తప్పించుకుంటాం.

సదస్సుకు ఆ జాబితా పంపలేదు. కొత్తది మొదలుపెట్టాను. ప్రతి పదం పక్కనా ఇప్పుడు అర్థమూ వ్యుత్పత్తీ కాక మరో మూడు గడులున్నాయి: ఆ పని చేసిందెవరు, వాళ్లకు దక్కిందేమిటి, ఆ మాట నాకు చెప్పిందెవరు. జడ్డిగం పక్కన చెయ్యి చేరింది. కలుపు పక్కన మూడు అర్థాలు చేరాయి. మీ మీ ఊళ్లలో పదాలు సేకరిస్తున్న మిత్రులూ ఈ గడులు గీసుకుని చూడండి. కొన్ని నింపేటప్పుడు సంతోషం కలుగుతుంది. పరిగె దగ్గర 'దక్కిందేమిటి' అన్న గడిలో అమ్మమ్మ చెప్పిందే రాశాను. రాయడానికి రెండు రోజులు పట్టింది.