మూడోసారి అడిగిన మోఘరాజు

ఆసిఫాబాద్‌లో మా ఇంటి ముందు గోడకు ఒక నల్లబల్ల ఉంది. రిటైరైన నెలలోనే తగిలించాను. ముప్ఫయ్యేళ్ళు బడిలో రోజూ ప్రార్థనకు ముందు 'నేటి మంచిమాట' రాసిన చేయి, పింఛను మొదలవగానే ఊరుకుంటుందా? బస్టాండుకు పోయేవాళ్ళు చదువుకుంటారు గదా అని రోజుకో సూక్తి రాస్తూ వచ్చాను. ఇప్పుడు రాయడం లేదు. ఎందుకు మానానో చెప్పాలి.

సూక్తి రాయడం కూడా ఒక పనితనమే, నవ్వకండి. ముందురోజు రాత్రే తడిగుడ్డతో బల్ల తుడిచి ఆరనివ్వాలి. తడి మీద సుద్ద పట్టదు. మాట రెండు వరుసలు దాటితే సైకిల్ మీద పోయేవాడికి అందదు. కింద కుడిపక్కన పేరు ఉండాలి: బుద్ధుడు, సోక్రటీస్, కన్‌ఫ్యూషియస్, వివేకానందుడు. పేరు పెద్దదైతే మాటకు బరువొస్తుంది. ఆ బరువు కోసం నేను చేసిన పాపం ఒకటుంది. గోడ క్యాలెండర్లో ఒకరి పేరుతో ఉన్న మాట ఆదివారం అనుబంధంలో ఇంకొకరి పేరుతో కనిపించేది. ఏది నిజమో వెతికే ఓపిక లేక, ఆ వారం ఎవరి వంతు రాలేదో వాళ్ళ పేరు పెట్టేసేవాణ్ణి. బుద్ధుడి ఖాతాలో నేను జమచేసిన మాటలు తక్కువేం కావు.

నిరుడు పత్తి ఏరే రోజుల్లో ఎపిక్టెటస్ మాట ఒకటి రాశాను. కొన్ని సంగతులు మన చేతిలో ఉంటాయి, కొన్ని ఉండవు, ఏవి ఏవో తెలుసుకుంటే సుఖమని దాని సారం. వీధి చివర పత్తి ట్రాక్టర్ ఆపి చాయ్ తాగిన రైతు ఒకాయన వచ్చి బల్ల ముందు నిలబడ్డాడు.

"సార్, వాన మన చేతిల లేదు. ధర మన చేతిల లేదు. విత్తనం కంపెనోని చేతిల ఉన్నది. మరి మన చేతిల ఉన్నదేందో గది గూడ రాస్తే అయిపోవు గద?"

నా దగ్గర జవాబు లేదు. ఆయనే పోయి ట్రాలీ పట్టా కిందినుంచి పిడికెడు పత్తి తీసుకొచ్చాడు. గట్టిగా నొక్కి వదిలాడు. పిడికిట్లో ఉండలా అయిన దూది మెల్లగా విచ్చుకుంది. "గిది ఉన్నది సార్. ఎండబెట్టుడు" అన్నాడు.

ఆ మాట వెనక ఎంత లెక్క ఉందో మా వైపు వాళ్ళకు చెప్పక్కర్లేదు. కొనుగోలు కేంద్రంలో తేమ 8 శాతం లోపు ఉంటేనే పూర్తి మద్దతు ధర. ఆపైన ఎంత ఉంటే అంత కోత. 12 దాటిందా, కొనరు. మంచు ఆరకముందే ఏరిన పత్తిని పరదాల మీద పల్చగా పరిచి, పొద్దు తిరిగినకొద్దీ తిరగేస్తూ ఇంటిల్లిపాదీ కాపలా కాస్తారు. వానా ధరా చేతిలో లేని మనిషి ఆ నాలుగు శాతం కోసం పడే పాటు అది. నేను చదువుకున్న ఏ వ్యాఖ్యానంలోనూ ఎపిక్టెటస్ నాకు అంత తేటగా అర్థం కాలేదు.

పోతూ పోతూ ఇంకోటి అడిగాడు. "గీ మాట చెప్పినాయన ఏం పని జేస్తుండె?"

బానిస అన్నాను. రోమ్ నగరంలో ఒక దొర దగ్గర బానిస, కాలు అవిటి. బానిసత్వం తీరాక పాఠాలు చెప్పుకుంటుంటే, డొమిషియన్ చక్రవర్తి తత్వవేత్తలందరినీ నగరం నుంచి వెళ్ళగొట్టాడు. గ్రీసుకు పోయి నికోపొలిస్ అనే ఊళ్ళో మళ్ళీ బడి పెట్టుకున్నాడు.

"బానిసనా! మరి గది రాయలె గద సార్ ముందుగాల" అని ట్రాక్టరెక్కాడు.

ఆ రాత్రి బల్ల తుడవలేదు. ఎపిక్టెటస్ తన చేత్తో ఒక్క పుస్తకమూ రాయలేదు, శిష్యుడు ఆరియన్ రాసుకున్నవే మనకు మిగిలాయి. సోక్రటీస్ ఏమీ రాయలేదు. కన్‌ఫ్యూషియస్ మాటలు శిష్యపరంపర కూర్చినవి. బుద్ధుడి బోధలు వందల ఏళ్ళు నోటనే నడిచాయి. (మన వేమనవీ బ్రౌన్ దొర పోగుచేసి 1829లో అచ్చు వేయించేదాకా జనం నాలుకల మీదా తాటాకుల మీదా ఉన్నవే. కానీ వేమన అడక్కపోయినా చెప్పే రకం, ఆయన్ను పక్కన పెడదాం.) వీళ్ళెవరూ పొద్దున్నే లేచి ఇవాళొక మంచిమాట చెబుదామని కూర్చున్నవాళ్ళు కారు. ఎవరో వచ్చి అడిగారు, చెప్పారు. నేను ముప్ఫయ్యేళ్ళుగా ఆ అడిగినవాణ్ణి తుడిచేసి జవాబు ఒక్కటే రాస్తున్నాను.

అడిగినవాళ్ళ కథ మన గోదావరి ఒడ్డునే ఒకటుంది. సుత్తనిపాతంలో పారాయణ వర్గమని ఒక భాగం ఉంది, బౌద్ధ వాఙ్మయంలో బాగా పాతదని పండితులు ఎంచేది. అందులో బావరి అనే ముసలాయన అస్సక దేశంలో గోదావరి తీరాన ఆశ్రమం కట్టుకుని ఉంటాడు. ఆ చోటు ఖానాపూర్ దగ్గరి బాదన్‌కుర్తి అని కొందరు చరిత్రకారుల అభిప్రాయం. నది రెండు పాయలుగా చీలి చుట్టుకున్న లంక అది. మా పాత ఆదిలాబాద్ జిల్లాలోదే, 2016లో జిల్లాలు విడిపోయాక నిర్మల్‌కు పోయింది.

బావరి యజ్ఞం చేసి ఉన్నదంతా దానం ఇచ్చేశాడు. అంతా అయ్యాక ఒక బ్రాహ్మడు వచ్చి అయిదువందలు ఇమ్మన్నాడు. లేవన్నాడు బావరి. ఏడో నాటికి నీ తల ఏడు ముక్కలవుతుందని శపించి పోయాడు వచ్చినవాడు. అంత చదివిన బావరి తిండి మానేసి కుమిలిపోయాడు. ఇక్కడే నాకు ఆయన మా వీధి మనిషైపోయాడు. ఎవరో ఏదో అన్నారని మంచం పట్టినవాళ్ళను ఎంతమందిని చూడలేదు! చివరికొక దేవత వచ్చి, శపించినవాడికి తలంటే ఏమిటో తెలియదు, బుద్ధుణ్ణి అడిగించమంది. బావరి తన పదహారుమంది శిష్యులను పంపాడు. పైఠాన్, ఉజ్జయిని, విదిశ, కోశాంబి, శ్రావస్తి మీదుగా మగధ దాకా నడిచారు వాళ్ళు. ఒక శాపానికి భయపడి అంత నడక!

తలంటే తెలియనితనమనీ, దాన్ని పగలగొట్టేది తెలివిడేననీ బుద్ధుడు చెప్పాడు. గురువుగారి పని అయిపోయింది. అయినా పదహారుమందీ కదల్లేదు, ఒక్కొక్కరూ తమ సొంత ప్రశ్న బయటికి తీశారు. మోఘరాజు అనేవాడు రెండుసార్లు అడిగాడు, బుద్ధుడు పలకలేదు. మూడోసారి అడిగాడు. అప్పుడు చెప్పాడు. నా క్లాసులో మోఘరాజు ఉండి ఉంటే రెండోసారికే "మళ్ళీ అదేనా, కూర్చో" అనేవాణ్ణి. అన్నాను కూడా, చాలామందిని.

జవాబు గోడకెక్కితే ఏమవుతుందో చూడాలంటే మా ఊరి గోడలే చాలు. జల్, జంగల్, జమీన్. 1940లో జోడేఘాట్‌లో ప్రాణమిచ్చిన కుమురం భీం మాటలు. మా అడవిలో మా పశువులు మేస్తే పన్నెందుకు కట్టాలన్న ప్రశ్నలోంచి పుట్టినవి. రోజూ వాటి ముందునుంచే పోతాం. చదవం.

అందుకే ఇప్పుడు బల్ల మీద పెద్దల మాట రాయను, ప్రశ్న రాస్తాను. బావరిని తలుచుకుని మొదటిరోజు, "ఎవరో అన్న మాటకు మీరు ఎన్నాళ్ళు నిద్ర మానుకున్నారు?" అని రాశాను. రెండు రోజులు ఎవరూ ముట్టలేదు. మూడోనాడు పొద్దున చూస్తే బల్ల కింది గోడ మీద బొగ్గుతో, గుండ్రటి అక్షరాలతో, "మా అత్త అన్నదానికి ఇంకా పడతలేదు" అని ఉంది. దాని కిందే ఇంకెవరిదో చేతిరాత: "నాకూ." ఏ పేరూ లేదు. అన్ని రోజులూ ఇలా ఉండవు లెండి. ఒకరోజు నా ప్రశ్న తుడిచేసి, "బోర్లు వేయబడును" అని ఫోన్ నంబరు రాసి పోయారు.

బావరి అంత దూరం నడవలేని వయసువాడు, ఆశ్రమంలోనే ఉండిపోయాడు. వెళ్ళినవాళ్ళలో పింగియుడనే మరో ముసలాయన తిరిగొచ్చి, అక్కడ విన్నదంతా చెప్పాడు. మీరు ఎటు నుంచి ఎటు పోతున్నా సరే, మా బల్ల పక్కన కిటికీలో సుద్దముక్కలు పెట్టి ఉంచుతున్నాను. మీ ప్రశ్న రాసి పొండి. బోరు నంబర్లు మాత్రం వద్దు.