రాగి రేకులు, కరపత్రాలు

ఒక ప్రాంతపు ప్రజలు తమను తాము ఒక జాతిగా ఎప్పుడు, ఎందుకు భావించుకున్నారో తేల్చడం రాజకీయ చరిత్రకారుని పనులన్నింటిలోకీ కష్టమైనది, ఎందుకంటే రాజుల పేర్లు, యుద్ధాల తేదీలు ఆధారాల్లో నేరుగా కనిపించినట్లు జనం మనసులోని భావన కనిపించదు. 1707లో ఇంగ్లండ్, స్కాట్లండ్ ఏకమైన తర్వాత ఫ్రాన్సుతో సాగిన వరుస యుద్ధాలూ, ప్రొటెస్టెంటు మతమూ కలిసి బ్రిటిష్ జాతీయతకు రూపం ఇచ్చాయని లిండా కాలీ 1992లో ‘బ్రిటన్స్’ గ్రంథంలో వాదించారు.

అంతకు దాదాపు అర్ధశతాబ్దం ముందే తెలుగునాట ఇటువంటి ప్రశ్నకు చేరువగా వెళ్ళినవారు మల్లంపల్లి సోమశేఖర శర్మ (1891–1963). ఆయన రచించిన రెడ్డి రాజ్యాల చరిత్రను 1948లో వాల్తేరులోని ఆంధ్ర విశ్వకళాపరిషత్తు (ఆంధ్ర విశ్వవిద్యాలయం) ప్రచురించింది. 1945 నాటి మరో గ్రంథంలో, 1323లో కాకతీయుల రాజధాని ఓరుగల్లు పతనమైన తర్వాత తలెత్తిన ముసునూరి నాయకుల చరిత్రను ఆయన వెలికితీశారు. ఆ వంశానికి చెందిన కాపయ నాయకుడు ‘ఆంధ్రదేశాధీశ్వర’ బిరుదు ధరించాడు. బిరుదును కోరుకునేది పాలకుడు, శ్లోకంలో పొదిగేది ఆస్థాన కవి కనుక, అది ఏలినవారి ఆకాంక్షకు సాక్ష్యమే గాని పొలం దున్నిన రైతు మనోభావానికి కాదు. కాపయను 75 మంది నాయకులు సేవించారన్న ప్రసిద్ధ కథనం కలువచేరు తామ్రశాసనంలో, అంటే రాగి రేకులపై చెక్కించిన దానపత్రంలో ఉన్నది. దానిని రాజమహేంద్రవరపు రెడ్డి రాణి అనితల్లి 1423లో, ఓరుగల్లు పతనమైన నూరేళ్ళకు, వేయించింది. ఆ నూరేళ్ళ ఎడాన్ని పాఠకుని ముందు ఉంచకుండా 75 అంకెను వల్లించడం చరిత్ర రచన అనిపించుకోదు. శర్మ రాసిన కాలం ఆంధ్ర రాష్ట్ర వాంఛ బలపడిన కాలమన్న సంగతీ గుర్తుంచుకోవలసిందే. అయినా ఆయన సేకరించిన శాసనాల విలువ దానివల్ల తగ్గదు.

విశాఖపట్నంలో ఈ ప్రశ్నకు మరో రకం ఆధారం ఉన్నది. 1966లో విశాఖలో ఉక్కు కర్మాగారం కోరుతూ అమృతరావు చేసిన నిరాహార దీక్ష నాటికి వీధివీధినా వినిపించిన ‘విశాఖ ఉక్కు – ఆంధ్రుల హక్కు’ నినాదం ఏ ఆస్థానంలోనూ పుట్టలేదు. ఆంధ్రులమన్న మాటను విద్యార్థులు, కార్మికులు తమ నోటితో పలికారు, పోలీసు కాల్పుల్లో కొందరు ప్రాణాలు కోల్పోయారు. కాపయ కాలానికి దొరకని సాక్ష్యం ఇదే. అయితే రాగి రేకు ఆరు వందల ఏళ్ళు నిలిచింది, కరపత్రం అరవై ఏళ్ళకే పొడి అవుతుంది. ఆనాటి కరపత్రాలు, ఫొటోలు, సంఘాల తీర్మానాలు ఇళ్ళలో దాచుకున్నవారు వాటిని ఆంధ్ర విశ్వవిద్యాలయ గ్రంథాలయానికి అప్పగించాలి, ఉద్యమంలో పాల్గొన్న పెద్దల మాటలను చరిత్ర విద్యార్థులు ఈ ఏడాదే నమోదు చేయడం మొదలుపెట్టాలి.